జిగురక్కా, రెండు గుంటల రాయీ

మా మ్యూజియంలో వస్తువుల కింద పెట్టే చీటీలు రాసేది నేనే. పదహారేళ్ళుగా అదే పని. "మట్టి దీపం, అంచున మసి ఉంది." "ఎముక దువ్వెన, పళ్ళు పద్నాలుగు." ఏమిటో అంతుపట్టని వస్తువు వస్తే "ఉపయోగం తెలియదు" అని రాసి చేతులు దులుపుకుంటాను. ఆ రెండు మాటలూ నేను రాసినన్నిసార్లు ఇంకెవరూ రాసి ఉండరు. అందుకని అక్కడ అందరూ నన్ను చీటీ అనే పిలుస్తారు. మొదట్లో ఒళ్ళు మండేది. ఇప్పుడు సొంత పేరుతో పిలిస్తే వెంటనే పలకను.

ఈసారి రాయబోయేది మాత్రం చీటీలో పట్టదు. నా పక్క బల్ల మీద పనిచేసే జిగురక్క గురించి. పోయిన శుక్రవారం జరిగింది తలుచుకుంటే ఇప్పటికీ నా కాళ్ళు నేల మీద నిలవడం లేదు. ఎవరికో ఒకరికి చెప్పకపోతే నాకు నిద్ర పట్టేలా లేదు.

జిగురక్క పని పగిలిన కుండల్ని అతకడం. వయసు యాభై రెండు. పొట్టి మనిషి, గొంతు మాత్రం రెండు గదులకు సరిపోతుంది. వేళ్ళ చివర ఎండిన జిగురు ఎప్పుడూ పొరలు పొరలుగా ఊడుతూ ఉంటుంది. మాట్లాడుతూ మాట్లాడుతూ వాటిని గిల్లి నా బల్ల మీద పడేస్తుంది. "ఏమిటక్కా ఇది?" అంటే, "నీ బల్ల మీద ఉన్నదంతా చెత్తే కదే, ఇదీ అందులోకే" అంటుంది. పెళ్ళెందుకు చేసుకోలేదని అడిగినవాళ్ళతో, చేతిలో పని అయ్యాక చేసుకుందామనుకున్నాననీ, ఆ పని ఇంకా అవలేదనీ చెబుతుంది.

మా గది మ్యూజియం వెనకవైపు ఉంది. ఉత్తరానికి ఒక్కటే పెద్ద కిటికీ. దాని కింద గోడ పొడవునా ఇసుక తొట్లు. అతికిన ముక్కను ఆ ఇసుకలో సరిగ్గా నిలబెడితే, జిగురు ఆరేదాకా దాని బరువే దాన్ని పట్టి ఉంచుతుంది. అక్క బల్ల మీద పాత టూత్ బ్రష్షులు, దూది, బట్టల క్లిప్పులు, స్పిరిట్ సీసా, వెదురు పుల్లలు ఉంటాయి. వాటిలో ఏ ఒక్కటి జానెడు జరిగినా ఇల్లెగిరిపోయేలా అరుస్తుంది.

అక్కకు రెండు పట్టింపులు. ఒకటి, స్పిరిట్ రాస్తే ఊడొచ్చే మెత్తటి జిగురే వాడాలి. తప్పుగా అతికితే మళ్ళీ విప్పుకోవాలి కదా అంటుంది. రెండోది, కుండను ఎత్తే పద్ధతి. చెవి పట్టుకుని ఎత్తకూడదు, అంచు పట్టుకుని ఎత్తకూడదు. ఒక అరచెయ్యి అడుగున, రెండోది మెడ వెనక. కొత్తగా చేరినవాళ్ళ చేత ఖాళీ కుండలతో వారం రోజులు ఇదే చేయిస్తుంది. నా చేతా చేయించింది. చీటీలు రాసేదానికి ఇదెందుకని నేను గొణిగితే, "మా అన్నయ్యను చూసి నేర్చుకో" అంది.

వాళ్ళన్నయ్య అప్పట్లో మా మ్యూజియంలోనే దుమ్ము తుడిచేవాడు. నిజానికి ముందు చేరింది ఆయనే. పనిలేక ఇంట్లో కూర్చున్న చెల్లెల్ని పందొమ్మిదో ఏట ఈ గదికి తీసుకొచ్చి, ఇక్కడ కుండలు అతికే ముసలాయన ముందు నిలబెట్టి, "మా చెల్లి చేతిలో పగిలింది కూడా అతుక్కుంటుందండీ" అని చెప్పి పనిలో పెట్టించాడు. ఆయన చేతులు అంత మెత్తటివి. కాగితమంత పలచటి గిన్నెల్ని కూడా పిచ్చుక పిల్లని పట్టుకున్నట్టు పట్టుకునేవాడు. నేను చూశాను. నేను చేరాక రెండేళ్ళే ఉన్నాడు ఆయన.

ఆ రెండో ఏడు ఎండాకాలంలో జింకల కూజా పగిలింది.

జింకల కూజా అంటే మనిషి నడుమెత్తు మట్టి కూజా, చుట్టూ పరిగెడుతున్న తొమ్మిది జింకలు. అక్క జీవితంలో మొదటి పెద్ద పని అదే. అరవై మూడు ముక్కలు, ఎనిమిది నెలలు. తన ఇరవై తొమ్మిదో ఏట పూర్తిచేసింది. ఆ కూజా ముందు హాల్లో కిటికీ పక్కన తొమ్మిదేళ్ళు నిలబడింది. ఒక మధ్యాహ్నం పెద్ద చప్పుడైంది. అందరికంటే ముందు అక్కే పరిగెత్తింది. కూజా ముక్కల మధ్య వాళ్ళన్నయ్య ఉన్నాడు, చేతిలో గుడ్డ, మోచేతి కింద నెత్తురు. అప్పటి పెద్దసారు వచ్చి, "గదిలో ఎవరున్నారు?" అని అడిగాడు. "అన్నయ్య ఒక్కడే ఉన్నాడు సార్" అంది అక్క. చూసిందే చెప్పింది. ఆయన తల ఎత్తకుండా, "నా చెయ్యే తగిలి ఉంటుందండీ" అన్నాడు. సాయంత్రానికల్లా ఉద్యోగం పోయింది.

ఆ రోజు నుంచి పద్నాలుగేళ్ళు ఆయన చెల్లెలి గడప తొక్కలేదు. ఈమె వెళ్తే, వస్తోందని తెలిసి ముందే బయటికి వెళ్ళిపోయేవాడు. నాలుగుసార్లు అలా అయ్యాక అక్క వెళ్ళడం మానేసింది. కూజా ముక్కల్ని ఒక చెక్కపెట్టెలో పెట్టి మా గదిలోనే పై అరలోకి ఎక్కించారు. ఎక్కడెక్కడి పెంకులో అతికిన మనిషి ఆ పెట్టె మూత ఒక్కసారీ తీయలేదు. అన్నయ్య ఏదో పరుపుల గోదాంలో చేరాడని వదిన ఫోనులో చెప్పిందట. "పరుపులట! పగిలే వస్తువు ఒక్కటీ లేని చోటు చూసుకుని మరీ చేరాడు, నన్ను దెప్పడానికి" అని అక్క ఆ రోజంతా వెదురు పుల్లలు విరిచింది.

ఇక రాయి సంగతి. ఆ శుక్రవారానికి ముందు సోమవారం తవ్వకాల నుంచి పదకొండు బుట్టల పెంకులొచ్చాయి, వాటితో పాటు ఒక నల్లరాయి. తలగడ అంత ఉంటుంది. పైన పక్కపక్కన అరచేయి పట్టేంత రెండు గుంటలు, వాటిని కలుపుతూ వేలెడు వెడల్పు కాలువ. ఒక మూల విరిగి ఉంది. దాని మూల అతికి శుక్రవారం పదింటికి లారీ ఎక్కించాలి, పెద్ద మ్యూజియం వాళ్ళు తీసుకెళతారని చెప్పి వెళ్ళాడు పెద్దసారు. నేను ఎగాదిగా చూసి చీటీ తీసి "ఉపయోగం" అని రాయడం మొదలుపెట్టాను కూడా.

మంగళవారం పొద్దున అక్క చేయకూడని పని చేసింది. తొట్లన్నీ నిండిపోయాయి. చేతిలో అప్పుడే అతికిన చిన్న గిన్నె ముక్క ఉంది, పెట్టడానికి చోటు లేదు. ప్రాచీన వస్తువును బల్లలా వాడకూడదని అందరికీ నీతులు చెప్పే మనిషి, అటూ ఇటూ చూసి, గుప్పెడు ఇసుక కూడా వేయకుండా ఆ ముక్కను రాయి ఎడమ గుంటలో నిలబెట్టింది.

"ఒసేయ్ చీటీ! ఇలా రావే! తొందరగా!"

తేలు కనబడిందేమోనని నేను చెప్పు తీసుకుని లేచాను. వెళ్ళి చూస్తే ఆమె రాయి మీదికి వంగి నోరు వెళ్ళబెట్టి ఉంది. "ఇటు కాదే, మధ్యలో కాలువను చూడు. కాలువనే చూడు."

చూశాను. ఎడమ గుంటలో ఆ గిన్నె పగులుతోంది. కుడి గుంటలో ఒక ఆడమనిషి కాలు తడి గడప మీద జారుతోంది. వేలి గోరంత కాలు, దాని మీద బురద కూడా కనబడుతోంది. ఒకటి ముందు, ఒకటి తర్వాత కాదు. రెండూ ఒకేసారి. ఒక గుంటను చూస్తే రెండోది మాయమైపోతుంది. మధ్యలోకి చూస్తేనే రెండూ కనబడతాయి. ఎందుకు పగిలిందో, ఎలా పగిలిందో, పక్కపక్కన, కలిసి.

"నా కళ్ళజోడు మార్చాలక్కా" అన్నాను.

"నాదీ మార్చాలా? ఇద్దరి కళ్ళూ ఒకే రోజు పోయాయా? ఏదైనా విరిగింది తే!"

ఇక చూడాలి మా సంబరం! ఆ గదిలో విరిగిన వస్తువుకేం కొదవ? పన్ను పోయిన దువ్వెన పెట్టాం, గొడుగు నుంచి ఊడిన పిడి పెట్టాం, పగిలిన బొత్తాం పెట్టాం. ప్రతిదానికీ ఎడమన విరగడం, కుడిన దానికి కారణం. అక్క చిన్నపిల్లలా చప్పట్లు కొడుతోంది. నాకు నవ్వు ఆగడం లేదు. తలుపు గడియ వేసుకున్నాం. భోజనం డబ్బాలు తెరవలేదు.

అప్పుడు నాకు నా టీ కప్పు గుర్తొచ్చింది. ఆరు నెలల కిందట దాని చెవి విరిగింది. పక్కగది టైపిస్టే విరగ్గొట్టిందని నాకు ఖాయం. ఎందుకంటే ఆ రోజు గదిలోకి వచ్చింది ఆమే. అప్పటి నుంచి ఆమెతో మాట లేదు, ఎదురుపడితే మొహం తిప్పుకుంటాను. "ఇప్పుడు చూడక్కా దాని బండారం" అని గొప్పగా కప్పు చెవి గుంటలో పెట్టాను. ఎడమన కప్పు అరమీద నుంచి దొర్లి పడుతోంది. కుడిన ఒక చెయ్యి కోపంగా బల్ల సొరుగును ధడాలున మూస్తోంది. ఆ చేతికి నా గాజులున్నాయి.

ఆ రోజు పెద్దసారు నా చీటీలో తప్పు పట్టాడు. సొరుగు మీద కోపం తీర్చుకున్నాను. పైన అర కదిలింది. నేను విసవిసా బయటికి వెళ్ళిపోయాక కప్పు పడింది. అక్క నవ్వీ నవ్వీ దగ్గు తెచ్చుకుంది. నాకు తల కొట్టేసినట్టైంది. వెళ్ళి టైపిస్టుకు క్షమాపణ చెబితే, "మీరు ఆరు నెలలుగా నాతో మాట్లాడటం లేదా? నేను గమనించనే లేదండీ" అంది. అది ఇంకా ఎక్కువ కాలింది.

బుధవారం మధ్యాహ్నం, ఆ ఊపులోనే, నేను పై అర వైపు చూసి అన్నాను. "అక్కా, జింకల కూజా ముక్క పెట్టి చూద్దామా?"

అంతే. అక్క మొహంలో నవ్వు టక్కున ఆగిపోయింది.

"నీ పని నువ్వు చూసుకో."

"తెలిసిపోతుంది కదక్కా."

"తెలిసి ఏం చెయ్యమంటావే? అన్నయ్యే పగలగొట్టాడని తేలితే, ఉన్న మాటే కదా. ఆయన కాదని తేలితే? నా నోటి మాటతో ఉద్యోగం ఊడగొట్టించానని తేలుతుంది. ఎటు తిరిగినా అన్నయ్య నాకు లేనట్టేగా?" అని కిటికీ వైపు తిరిగింది. నేను నాలుక కరుచుకున్నాను.

గురువారం వదిన ఫోను చేసింది. అక్క గొంతు ఎలాగూ పెద్దదే, అవతలివాళ్ళ గొంతు కూడా పెద్దగా వినబడేలా పెట్టుకుంటుంది, కాబట్టి నేను చెవులు రిక్కించే అవసరం రాలేదు. కూతురు పురిటికి పుట్టింటికి వచ్చింది, పాపకు రేపటికి మూడు నెలలు. "మీ అన్నయ్య ఇంతవరకు మనవరాల్ని ఎత్తుకోలేదమ్మా" అంటోంది వదిన. "ఊయల పక్కన కూర్చుంటారు. చూస్తారు. ఏడిస్తే నన్ను పిలుస్తారు. ఎత్తుకోండి అంటే చేతులు చంకల్లో దోపుకుని బయటికి పోతారు. అమ్మాయి బాధపడుతోంది, ఆడపిల్ల పుట్టిందనేమో అని. నువ్వైనా ఒక మాట చెప్పమ్మా."

"నా మాట వింటాడా వదినా, నా మొహమే చూడడు!" అంది అక్క. ఫోను పెట్టేసి చాలాసేపు తన చేతులు చూసుకుంటూ కూర్చుంది. "ఎప్పుడూ ఇలా ఉండేవాడు కాదే" అంది. "మా వీధిలో ఎవరికి పిల్ల పుట్టినా ముందు అన్నయ్య చేతిలోనే పెట్టేవాళ్ళు."

శుక్రవారం నేను తొమ్మిదింటికి వెళ్ళేసరికి అక్క నిచ్చెన మీద ఉంది. పెట్టెను గుండెకు ఆనించుకుని ఒక్కో మెట్టూ దిగుతోంది. పట్టుకోబోతే మోచేత్తో నెట్టేసింది. మూత తీసింది. పద్నాలుగేళ్ళ దుమ్ము లేచింది. లోపలికి సరిగ్గా చూడకుండానే చేతికందిన ముక్క తీసింది. కూజా అడుగు ముక్క అది, దళసరిగా, అరచేతి వెడల్పున. గుంటలో పెట్టి నా చెయ్యి పట్టుకుంది.

ఎడమన ముందు హాలు. ఎండ. కూజా మీద అడుగు నుంచి సన్నటి గీత పైకి పాకుతోంది. జింకల కాళ్ళ మధ్యగా పాకుతోంది. కూజా విచ్చుకుంటోంది. వాళ్ళన్నయ్య కూజా దగ్గర లేడు! అటు తిరిగి కిటికీ చువ్వలు తుడుస్తున్నాడు, మూడడుగుల దూరంలో. చప్పుడుకు తిరిగాడు. గుడ్డతో సహా రెండు చేతులూ చాచి కూజా మీదికి దూకాడు, పడిపోతున్న బిడ్డను పట్టుకోబోయినట్టు. ఒక పెంకు మోచేతి కింద కోసుకుంటూ పోయింది.

కుడిన మా గదే. ఈ బల్లే. ఇరవై తొమ్మిదేళ్ళ అక్క, నల్లటి జడ. ముసలాయన వస్తున్నాడేమోనని తలుపు వైపు ఒకసారి చూసింది. కొంగు చాటు నుంచి చిన్న పసుపు గొట్టం తీసింది. ఫ్యాక్టరీ జిగురు, రాయిలా గట్టిపడి మళ్ళీ ఊడని రకం. అడుగు అతుకు పొడవునా దాన్ని పిండింది. ముక్కలు నొక్కిపట్టి, ఇక నిన్నెవరూ విప్పలేరన్నట్టు నవ్వింది.

ఆ నవ్వూ, ఆ గీతా ఒకేసారి.

నేను కుర్చీ కోసం వెనక్కి తిరిగాను, అక్క కూలిపోతుందని. కూలిపోలేదు. ముక్కను చేతిలోకి తీసుకుని కిటికీ దగ్గరికి పరిగెత్తింది. గోరుతో అంచు తడిమింది. "చూడవే! చూడు! అతుకు ఊడలేదు!" నిజమే. ఒక ముక్క అనుకున్నది రెండు పాత పెంకులు. వాటి మధ్య పసుపు గీత ఇంకా గట్టిగా పట్టుకునే ఉంది. కుండ పగిలింది ఆ గీత మీద కాదు, దాని పక్కనే, మట్టి చీరుకుపోయి. "ఎండకు కుండ సాగుతుంది, చలికి ముడుచుకుంటుంది. అప్పుడు లొంగాల్సింది జిగురే. మెత్తటి జిగురు వాడమని ముసలాయన నెత్తీ నోరూ కొట్టుకున్నాడు. నాకు కళ్ళు నెత్తికెక్కాయి. తొమ్మిదేళ్ళు ఇది లొంగలేదు, పాపం మట్టే లొంగింది. అన్నయ్య కాదే! నేను! నేనేనే!"

ఏడుస్తోంది, నవ్వుతోంది, ఆ పొట్టి మనిషి గదిలో గుండ్రంగా తిరుగుతోంది. తప్పు తనదని తేలితే అంత సంతోషపడ్డ మనిషిని నేను పుట్టి బుద్ధెరిగి చూడలేదు. నాకూ కళ్ళు నిండిపోయాయి. ఎందుకో తెలియకుండానే ఇద్దరం ఎగురుతున్నాం.

అప్పుడే లారీవాళ్ళు వచ్చారు. మూల అతికిన రాయిని గోనెసంచుల్లో చుట్టి ఎత్తుతూ, "దీనికి చీటీ ఏదండీ?" అని అడిగారు. నేను కలం తీశాను. ఉన్నదున్నట్టు రాస్తే నన్ను ఏ ఆస్పత్రికి పంపిస్తారో నాకు తెలుసు. "నల్లరాయి, రెండు గుంటలు. ఉపయోగం తెలియదు" అని రాసిచ్చాను. పదహారేళ్ళలో నేను రాసిన మొదటి అబద్ధం అదే.

అక్క ఆ ముక్కను దూదిలో చుట్టి తన భోజనం డబ్బాలో పెట్టింది. సంతకం లేకుండా గుండుసూది కూడా గది దాటనివ్వని మనిషి! వరండాలో పెద్దసారు ఎదురయ్యాడు.

"ఎక్కడికమ్మా ఇద్దరూ, పనివేళ?"

"జింకల కూజా నేనే పగలగొట్టాను సార్!"

ఆయన అదిరిపడ్డాడు. "ఎప్పుడు? ఇప్పుడా?"

"ఇరవై మూడేళ్ళ కిందట!" అని అరిచి మెట్లు దిగిపోయింది. ఆయన నా వైపు చూశాడు. "వచ్చి కాగితం మీద రాసిస్తుంది సార్" అని నేనూ దిగాను. రాసిచ్చింది కూడా, మర్నాడు, మూడు పేజీలు.

బస్సులో నిలబడే వెళ్ళాం. సీటు ఉన్నా ఆమె కూర్చోలేకపోయింది. కండక్టరు టిక్కెట్టు అడిగితే ఆయనకూ చెప్పింది, నేనే పగలగొట్టానని. ఆయన కంగారుగా కిటికీ అద్దాలన్నీ చూసుకున్నాడు. రెండు స్టాపులు దాటాక గొంతు తగ్గించి నాతో అంది. "రాయి అక్కర్లేదే. ఈ పెంకు ఒక్కసారి చేతిలోకి తీసుకుంటే చాలు, నాకు తెలిసిపోయేది. నా పనే అది కదా. పద్నాలుగేళ్ళు నా నెత్తి మీదే ఉంది పెట్టె."

"మరి ఎందుకు తీయలేదు?"

"అన్నయ్యే అని తేలుతుందేమోనని" అంది.

వాళ్ళ ఇల్లు దర్జీ కొట్టు పైన. ఇనప మెట్లు. శుక్రవారం గోదాంకు సెలవు కాబట్టి ఆయన ఇంట్లోనే ఉంటాడు. వస్తున్నామని ఈసారి చెప్పలేదు, అందుకే దొరికాడు. తలుపు తీసింది వదిన. లోపల ఒకే పొడవాటి గది. గోడకు అర, అరలో అన్నీ స్టీలు గ్లాసులు, స్టీలు పళ్ళాలు. గాజుది, పింగాణీది ఒక్కటీ లేదు. ఊయల పక్కన ముక్కాలిపీట మీద వాళ్ళన్నయ్య. జుట్టు నెరిసిపోయింది. మమ్మల్ని చూడగానే లేచి చేతులు చంకల్లో పెట్టుకున్నాడు. పారిపోవడానికి తలుపు వైపు చూశాడు. తలుపులో నేనున్నాను, నేను పొట్టిదాన్ని కాదు.

"కూర్చో అన్నయ్యా. నా మీద నీకు కోపం ఉంటుంది. ఉండాలి" అని మొదలుపెట్టింది అక్క.

"కోపమా? నీ మీదా?" అన్నాడాయన. "ఏం మాటమ్మా అది. నీ మొదటి కూజా. ఎనిమిది నెలలు కూర్చుని అతికావు. అలాంటిదాన్ని నా చేత్తో పగలగొట్టాను. ఏ మొహం పెట్టుకుని నీ ముందుకు రాను?"

పద్నాలుగేళ్ళు ఈమె ఆయనకు కోపమనుకుంది. ఆయన సిగ్గుతో చచ్చిపోతున్నాడు. పరుపుల గోదాం దెప్పడానికి కాదు. స్టీలు గ్లాసులు పొదుపుకు కాదు. నాకు ఒక్కసారిగా అన్నీ అర్థమై, ఊయల వైపు చూశాను.

"నువ్వు పగలగొట్టలేదురా!" అని అరిచింది అక్క. కోపమో ప్రేమో, అన్నయ్యను రా అనేసింది. డబ్బా తెరిచి, దూది విప్పి, ముక్క అందించింది.

ఆయన వెనక్కి జరిగాడు. "నా చేతికివ్వకమ్మా. నా చేతులు మంచివి కావు."

అక్క వినలేదు. ఆయన కుడిచేతిని చంకలోంచి లాగి, వేళ్ళు విప్పి, పెంకును అరచేతిలో పెట్టి, మళ్ళీ వేళ్ళు మూసింది. "తడిమి చూడు. గీత తెలుస్తోందా? అది నా జిగురు. ముసలాయన వద్దన్నా దొంగతనంగా పెట్టాను. అది ఊడలేదు. దాని పక్కన మట్టి చీరుకుపోయింది చూడు. కూజా దానంతట అది పగిలింది అన్నయ్యా, నా వల్ల పగిలింది. నువ్వు కిటికీ దగ్గరున్నావు."

ఆయన బొటనవేలు అంచు మీద మెల్లగా నడిచింది. ఆగింది. వెనక్కి వచ్చింది. ఎన్నో ఏళ్ళు కుండలు తుడిచిన వేలు అది, మరిచిపోలేదు.

"కిటికీ దగ్గర..." అన్నాడు. "అవును. చువ్వలు తుడుస్తున్నాను. చప్పుడు ముందు వచ్చింది. విని తిరిగాను." ఇంకా గుర్తు చేసుకుంటున్నాడు. "తిరిగేసరికి నా గుడ్డ ముక్కల్లో ఉంది, చేతికి నెత్తురు. అందరూ నన్నే చూస్తున్నారు. నేనే అయ్యుంటాననుకున్నాను. తర్వాతర్వాత, చెయ్యి తగిలినట్టు కూడా గుర్తుకొచ్చేది."

"పట్టుకోవడానికి దూకావు" అంది అక్క. "రెండు చేతులూ చాచి. నేను చూశాను."

ఎలా చూశావని ఆయన అడగలేదు. మోచేతి కింద మచ్చను చూసుకుంటూ కూర్చున్నాడు. వదిన కొంగుతో కళ్ళు తుడుచుకుని, ఏం చేయాలో తోచక, టీ పెడతానని పొయ్యి దగ్గరికి వెళ్ళింది. పాప తల్లి కింద దర్జీ దగ్గరికి వెళ్ళిందట.

అంతలో పాప లేచింది. ముందు చిన్న మూలుగు, తర్వాత ఒకటే ఏడుపు. వదిన అలవాటుగా స్టవ్ తగ్గించి చేతులు తుడుచుకుంటోంది. అక్క ఊయల వైపు ఒక అడుగు వేసింది. నేను ఆమె జాకెట్టు వెనక నుంచి పట్టుకుని ఆపాను. పదహారేళ్ళలో ఆమెను నేను ఆపగలిగింది ఆ ఒక్కసారే.

ఆయన పెంకును జాగ్రత్తగా పీట మీద పెట్టాడు. చేతులు చొక్కాకు రెండుసార్లు తుడుచుకున్నాడు. ఊయల మీదికి వంగాడు. ఒక అరచెయ్యి అడుగున పెట్టాడు, రెండోది మెడ వెనక.

"మెడ! మెడ జాగ్రత్తండీ!" అంది వదిన పొయ్యి దగ్గర నుంచి.

"నాకు తెలుసులేవే" అన్నాడాయన, పాపను పైకెత్తుతూ.